బ్యాంకాక్ ఫుడ్ వాక్: 1900 దాకా కథ, ఆ తర్వాత మౌనం

బ్యాంకాక్ వెళ్లేవాళ్ల ప్లాన్‌లో గ్రాండ్ ప్యాలెస్, పడవ షికారు, షాపింగ్‌లతో పాటు ఇప్పుడు ఫుడ్ వాక్ కూడా చేరింది. సాయంత్రం ఒక మెట్రో స్టేషన్ గేటు దగ్గర ఎనిమిది పదిమంది కలుస్తారు. గైడ్ వాళ్లను మూడు నాలుగు గంటలపాటు సందుల్లో తిప్పుతాడు. ఒక బండి దగ్గర నూడుల్స్, ఇంకో చోట మాంసం ముక్కలు, మధ్యలో ఒక గుడి, ఒక పాత ఇల్లు, చివర్లో ఏదో తీపి. బండి దగ్గర ప్లేటు 50, 60 బాట్లకు దొరికే తిండే. నడకకు మాత్రం మనిషికి వెయ్యి నుంచి రెండు వేల బాట్ల పైదాకా తీసుకుంటారు. ఈ తేడా చూసి మోసం అనుకోనక్కర్లేదు. థాయ్ లిపి చదవలేని మనిషి ఒక్కడే వెళ్తే రెండు ప్లేట్లకే కడుపు నిండిపోతుంది, ఏం తిన్నాడో కూడా సరిగా తెలియదు. గైడ్ ఉంటే ఒక్కో ప్లేటు నలుగురు పంచుకుంటారు, ఎనిమిది రకాలు రుచి చూస్తారు. బండి వాళ్లతో ముందే మాట అయి ఉంటుంది కాబట్టి క్యూలో ఎక్కువసేపు నిలబడే పని ఉండదు. అన్నిటికీ మించి, ఆ వంటకం వెనక ఒక కథ వినిపిస్తుంది.

చూడాల్సింది ఆ కథనే. బ్యాంకాక్ వీధి తిండి చరిత్ర ముఖ్యంగా ఒక చోటి నుంచి ఇంకో చోటికి వచ్చిన జనం చరిత్ర. కొందరు తరిమితే వచ్చారు, కొందరు పని కోసం వచ్చారు, కొందరిని ప్రభుత్వమే లేపి వేరే చోట కూర్చోబెట్టింది. ఫుడ్ వాక్‌లు ఈ కథను 1900 దాకా చక్కగా చెబుతాయి. రాజులు, ఓడలు, చైనా వర్తకులు, పోర్చుగీసు తుపాకీ సైనికులు అందరూ అందులో ఉంటారు. ఆ తర్వాతి కాలం దగ్గరికి వచ్చేసరికి గొంతు తగ్గుతుంది. ఈ బండి ఇక్కడికి ఎందుకు వచ్చింది, రేపు ఇక్కడే ఉంటుందా అన్న ప్రశ్నలు తిండి మధ్యలో జారిపోతాయి.

ముందు బాగా చెప్పే భాగం చూద్దాం. 1767లో బర్మా సేనల చేతిలో అప్పటి రాజధాని అయుత్తయ పడిపోయింది. తక్సిన్ రాజు చావో ఫ్రాయా నది పడమటి ఒడ్డున థోన్‌బురీని రాజధాని చేసుకున్నాడు. ఆయన తండ్రి దక్షిణ చైనా తీరం నుంచి వచ్చిన తేచ్యూ చైనీయుడు. ఆ బంధంతో తేచ్యూ వర్తకులు పెద్ద సంఖ్యలో వచ్చి, నది తూర్పు ఒడ్డున స్థిరపడ్డారు. 1782లో సింహాసనం ఎక్కిన మొదటి రామ రాజు తన కొత్త రాజప్రాసాదానికి సరిగ్గా ఆ తూర్పు ఒడ్డునే ఎంచుకున్నాడు. అక్కడున్న చైనీయులను ఖాళీ చేయించి, కోటగోడ బయట ఆగ్నేయ దిక్కున సాంఫెంగ్ అనే చోటికి పంపాడు. ఇవాళ పర్యాటకులు గొడుగులు పట్టుకుని తిరిగే గ్రాండ్ ప్యాలెస్ నేల ఒకప్పుడు చైనీయుల నివాసం. ఇవాళ జనం తినడానికి ఎగబడే చైనాటౌన్, అలా తరలించిన వాళ్ల కోసం చూపించిన స్థలం.

1855లో బ్రిటన్‌తో బౌరింగ్ ఒప్పందం కుదిరాక బియ్యం ఎగుమతి ఊపందుకుంది. రైసు మిల్లులు, రేవులు, కాలువ తవ్వకాలు, అన్నిటికీ కూలీలు కావాలి. ఓడల్లో దిగిన చైనా కూలీకి ఇల్లు లేదు, వంటగది అంతకన్నా లేదు. కావడి భుజాన వేసుకుని ఒక వైపు పొయ్యి, ఇంకో వైపు గిన్నెలతో తిరిగే మనిషే అతనికి హోటల్. నూడుల్స్, గంజి, పంది లోపలి భాగాలతో కాచిన మిరియాల పులుసు అలా వీధిలోకి వచ్చాయి. ఆ మిరియాల పులుసు పేరు గ్వే జాబ్. చైనాటౌన్ ప్రధాన వీధి యావరాత్ రోడ్డులో మూతపడిన ఒక పాత సినిమా హాలు ముంగిట ఇప్పటికీ దాన్ని వండుతున్నారు. రాత్రి ఎనిమిదికి అక్కడ స్టూలు దొరికితే అదృష్టమే.

యావరాత్ రోడ్డు గురించి గైడ్లు చెప్పే మాట ఒకటుంది: అది డ్రాగన్ శరీరంలా వంకర తిరిగి ఉంటుందని, అందుకే అక్కడ వ్యాపారం కలిసొస్తుందని. ఫొటోకు బాగుంటుంది. అసలు సంగతి అంత మెరుపుగా ఉండదు. ఐదో రామ రాజు కాలంలో 1892లో మొదలైన ఈ ఒకటిన్నర కిలోమీటరు రోడ్డు పూర్తి కావడానికి ఎనిమిదేళ్లు పట్టింది. ఇళ్లు, స్థలాలు ఉన్నవాళ్లతో తగాదాలు, వాటిని తప్పించుకుంటూ పోవాల్సిన అవసరం రోడ్డును వంకర తిప్పాయి. భూసేకరణ గొడవ తెలిసిన ఏ తెలుగు పాఠకుడికైనా ఇది డ్రాగన్ కథకన్నా సులువుగా నమ్మబుద్ధేస్తుంది. దానికి కాస్త ఇవతల, నదికి సమాంతరంగా సాగే చరోన్ క్రుంగ్ రోడ్డు ఇంకా పాతది, 1860లలో వేసింది. గుర్రపు బండ్లు తోలుకోవడానికి సరైన దారి లేక ఆరోగ్యం చెడిపోతోందని విదేశీ రాయబారులు నాలుగో రామ రాజుకు మొరపెట్టుకున్నాక ఈ రోడ్డు వచ్చింది. కాలువల నగరం రోడ్ల నగరంగా మారడం అక్కడే మొదలైంది.

ఆ మార్పును తిండిలో చూడాలంటే బోట్ నూడుల్స్ చాలు. కాలువలో పడవ మీద కూర్చుని వండి, ఒడ్డున ఉన్నవాళ్లకు చిన్న గిన్నెల్లో అందించేవారు. పులుసు చిక్కదనం కోసం రక్తం కలుపుతారు. కాలువలు పూడ్చి రోడ్లు వేశాక పడవలు పోయాయి, వండేవాళ్లు గట్టెక్కారు. ఇప్పుడు విక్టరీ మాన్యుమెంట్ దగ్గర వరుసగా షాపుల్లో అమ్ముతున్నారు. గిన్నె మాత్రం అదే సైజులో ఉండిపోయింది. ఒక్కొక్కరు ఐదారు గిన్నెలు ఖాళీ చేసి ఒకదాని మీద ఒకటి పేరుస్తారు.

మంచి గైడ్‌ని గుర్తుపట్టాలంటే చైనాటౌన్ కన్నా నది అవతల ఉన్న కుడీ చీన్ పేట మంచి పరీక్ష. యావరాత్‌లో తిండే మనిషిని లాక్కుపోతుంది, గైడ్ మామూలువాడైనా నడిచిపోతుంది. కుడీ చీన్‌లో తినడానికి ఉన్నవి తక్కువ, చెప్పడానికి ఉన్నవి ఎక్కువ. పోర్చుగీసులు అయుత్తయకు 1511లో చేరారు. ఆ నగరం పడిపోయాక వాళ్ల వారసులు, స్థానికులను పెళ్లాడి కలిసిపోయిన కుటుంబాలు, తక్సిన్ పక్షాన నిలబడ్డారు. ప్రతిఫలంగా ఆయన థోన్‌బురీ ఒడ్డున స్థలం ఇచ్చాడు. అక్కడ వెలిసిందే శాంటా క్రూజ్ చర్చి. దాని చుట్టూ పది నిమిషాల నడకలో వాట్ కల్యాణమిత్ బౌద్ధాలయం, క్వాన్ అన్ కెంగ్ చైనా మందిరం, థాయ్ ఆలయం ఆకారంలో కట్టిన బాంగ్ లువాంగ్ మసీదు కనిపిస్తాయి. ఆ మసీదును బయటి నుంచి చూసి గుడి అనుకుని దాటిపోయేవాళ్లే ఎక్కువ.

అక్కడి తిండి ఖనోమ్ ఫరాంగ్ అనే చిన్న కేకు. బాతు గుడ్లు, పంచదార, పిండి, అంతే. వెన్న లేదు, పాలు లేవు, పొంగడానికి కలిపేదీ లేదు. గుడ్డును బాగా గిలక్కొట్టడంతోనే అది పొంగాలి. కిందా పైనా నిప్పులు పెట్టి కాలుస్తారు. పైన ఎండుద్రాక్ష, ఎండబెట్టిన పెర్సిమన్ పండు ముక్కలు, పాకం పట్టిన బూడిద గుమ్మడి ముక్కలు అద్దుతారు. అడుగు భాగం పోర్చుగీసు వంట, పైన అద్దినవి చైనా మిఠాయి. ఆ పేటలో పక్కపక్కనే ఎవరు బతికారో ఆ కేకు మీదే కనిపిస్తుంది. ఇప్పుడు దీన్ని కాల్చే కుటుంబాలు వేళ్ల మీద లెక్కపెట్టేటన్నే మిగిలాయి. ఒక కుటుంబం తమ ఇంటినే చిన్న మ్యూజియంగా మార్చి పేట చరిత్ర చెబుతోంది. నడక డబ్బు నేరుగా పేటలోకి చేరే చోట్లలో ఇది ఒకటి.

పోర్చుగీసు పేరు వచ్చిందంటే గైడ్ నోట మరియా గుయొమార్ పేరు రాకుండా ఉండదు. జపాన్, పోర్చుగీసు మూలాలున్న ఈమె, అయుత్తయ ఏలిన నారాయ్ రాజు దగ్గర మంత్రిగా చక్రం తిప్పిన గ్రీకు సాహసికుడు ఫాల్కన్ భార్య. 1688లో భర్తకు మరణశిక్ష పడింది, ఈమెను అంతఃపుర వంటశాలలో పెట్టారు. గుడ్డు సొనతో చేసే థోంగ్ యిప్, థోంగ్ యోత్, దారాల్లాంటి ఫోయ్ థోంగ్‌లను ఈమే థాయ్‌లాండ్‌కు పరిచయం చేసిందని ప్రసిద్ధి. ఒక్క మనిషి వల్ల ఇన్ని మిఠాయిలు వచ్చాయనడం కథకు అనుకూలం. అప్పటికే వంద ఏళ్లకు పైగా పోర్చుగీసు కుటుంబాలు అయుత్తయలో ఉన్నాయి, వాళ్ల వంటిళ్లూ ఉన్నాయి. పాకంలో సొన ధారగా పోసి తీసే దారాలు పోర్చుగీసులు తిరిగిన రేవుల్లో చాలాచోట్ల కనిపిస్తాయి. కేరళ మలబారు ముస్లింల ఇళ్లలో చేసే ముట్టమాల అదే వంట. అక్కడ మరియా లేదు. ఆ దారాలు ఆ దారిలో తిరిగిన ఓడలన్నిటితోనూ ప్రయాణించాయి. థాయ్ వంటకు ప్రాణమనుకునే పచ్చిమిరప కూడా అలాగే అమెరికా ఖండం నుంచి పోర్చుగీసు వర్తకం ద్వారా వచ్చింది, మన వంటిళ్లకు వచ్చినట్టే.

ఇక ప్యాడ్ థాయ్. చైనాటౌన్ నడకలో ఉన్నా లేకపోయినా ఎవరో ఒకరు దాని గురించి అడుగుతారు. గైడ్ జవాబు రెండు వాక్యాల్లో ముగుస్తుంది: ఫిబూన్ అనే ప్రధాని కనిపెట్టించిన జాతీయ వంటకం, యుద్ధకాలంలో బియ్యం మిగల్చడానికి. ఇందులో సగం సరైనదే. 1938లో ప్రధాని అయిన ఫిబూన్ సొంక్రామ్, 1939లో దేశం పేరు సయామ్ నుంచి థాయ్‌లాండ్‌గా మార్చాడు. జనం ఏం కట్టుకోవాలి, ఎలా నడుచుకోవాలి అన్నదాకా సాంస్కృతిక ఆదేశాలు జారీ చేశాడు. 1942లో పెద్ద వరదలు, దాని పైన యుద్ధం. ఆ రోజుల్లో నూడుల్స్ తినమని, అమ్మమని ప్రభుత్వమే ప్రచారం చేసింది. ప్యాడ్ థాయ్ ఆ ఊపులో వ్యాపించింది. దాన్ని ఒక ఆఫీసులో కూర్చుని కనిపెట్టారన్న దగ్గర మాత్రం చరిత్రకారులు ఒప్పుకోరు. మూకుట్లో నూడుల్స్ వేయించడం చైనా పద్ధతి, అది అప్పటికే వీధుల్లో ఉంది. చింతపండు పులుపు, బెల్లపు తీపి, చేపల సాస్ ఉప్పదనం కలిశాక కొత్త పేరు వచ్చింది.

గైడ్లు వదిలేసే రెండో సగమే ముఖ్యమైంది. నూడుల్స్‌ను జాతీయ వంటకంగా ఎత్తుకున్న ఆ ప్రభుత్వమే, వాటిని తెచ్చిన చైనీయుల బడులను, పత్రికలను అణిచింది. 1942లో కొన్ని వృత్తులను థాయ్ పౌరులకే పరిమితం చేస్తూ ఉత్తర్వు తెచ్చింది. వంటకం థాయ్ అయిపోయింది, వండే మనిషి మాత్రం విదేశీయుడుగానే ఉండిపోయాడు. యావరాత్ నడిబొడ్డున నిలబడి ప్యాడ్ థాయ్ కథ చెబుతూ ఈ సంగతి ఎత్తకపోవడం చిన్న లోపం కాదు. ఆ ఉత్తర్వు వారసత్వం ఇంకా నడుస్తోంది కూడా. 1979లో విదేశీయులకు నిషేధించిన వృత్తుల జాబితాలో టూర్ గైడ్ పని ఉంది. 2008 నాటి పర్యాటక వ్యాపార, గైడ్ల చట్టం ప్రకారం లైసెన్స్ ఉన్న థాయ్ పౌరులే గైడ్‌గా పనిచేయాలి. ఏళ్ల తరబడి బ్యాంకాక్ సందుల మీద పుస్తకాలు తిరగేసిన విదేశీయుడైనా సరే, గుంపును వెంటేసుకుని నడిపిస్తే చట్టం ఒప్పుకోదు. స్థానికుల ఉపాధి కోణంలో ఇది సబబే. దీని మరో ఫలితం, లైసెన్స్ కోసం చదివిన అధికారిక చరిత్ర, అంటే రాజులు, ఆలయాలు, కట్టడాల చరిత్ర, ఫుడ్ వాక్‌లోకీ నడిచి వస్తుంది. వాట్ త్రైమిత్‌లో ఐదున్నర టన్నుల బంగారు బుద్ధుడి విగ్రహం, 1955లో తరలిస్తుండగా పైనున్న సున్నపు పూత పగిలి బంగారం బయటపడిన వైనం ప్రతి గైడ్‌కూ కంఠతా వస్తుంది. ఆ గుడి బయట గ్రిల్ చేసిన కోడి అమ్మే మనిషి ఏ ఊరి నుంచి వచ్చాడో చెప్పే పాఠం ఎక్కడా లేదు.

ఆ మనిషి ఈశాన్య ప్రాంతమైన ఈసాన్ నుంచి వచ్చి ఉండే అవకాశమే ఎక్కువ. వానాధార వ్యవసాయం, ఇసుక నేలలు, అప్పులు ఉన్న ఆ ప్రాంతం నుంచి 1960ల తర్వాత లక్షల మంది బ్యాంకాక్‌కు పనికి వచ్చారు. అమెరికా సాయంతో 1958లో పూర్తయిన మిత్రఫాప్ హైవే ఆ వలసకు దారి వేసింది. వాళ్లు టాక్సీలు నడిపారు, భవనాలు కట్టారు, ఇళ్లలో పనిచేశారు. తమతో పాటు బొప్పాయి కాయ దంచి చేసే సోమ్ తమ్, కాల్చిన కోడి గై యాంగ్, చేత్తో ముద్ద చేసుకుని తినే జిగట అన్నం తెచ్చారు. ఇవాళ ప్రపంచం థాయ్ తిండి అనుకునేదాంట్లో పెద్ద వాటా ఇదే. అయినా హిస్టరీ ఫుడ్ వాక్‌లలో ఈసాన్ బండికి ‘తిండి’ వాటా దక్కుతుంది, ‘హిస్టరీ’ వాటా దక్కదు. పాలమూరు నుంచి ముంబైకి, శ్రీకాకుళం నుంచి చెన్నైకి వలస వెళ్లిన కుటుంబాలున్న మనకు ఆ బండి కథ విడమరచి చెప్పనక్కర్లేదు. ఎవరూ చెప్పడం లేదన్నదే ఇబ్బంది.

బ్యాంకాక్‌లో వీధి తిండి ఇంతగా పెరగడానికి కారణం కూడా ఈ ఆధునిక కాలంలోనే ఉంది. అద్దె గదుల్లో వంటగది ఉండదు. భార్యాభర్తలిద్దరూ పనికి వెళ్తారు. సాయంత్రం ఇంటికి పోతూ పాలిథిన్ సంచిలో కూర కట్టించుకుని, రబ్బరు బ్యాండు బిగించుకుని తీసుకెళ్లడం నగరంలో సగటు మనిషి అలవాటు. తక్కువ జీతంతో నగరాన్ని నడిపేవాళ్లు బతకగలుగుతున్నారంటే ఈ చవక తిండి వల్లే. అనాది సంప్రదాయంగా వర్ణించే ఈ దృశ్యంలో చాలా భాగం వయసు అరవై, డెబ్భై ఏళ్లు.

మౌనం అన్నిటికన్నా గట్టిగా వినిపించే చోటు మహాచాయ్ రోడ్డు. ఈ రోడ్డు మీద పేరుమోసిన ప్యాడ్ థాయ్ హోటల్ టిప్‌సమాయ్ ఉంది. దాని దగ్గర్లోనే కళ్లకు గాగుల్స్ పెట్టుకుని బొగ్గుల పొయ్యి మీద పీత ఆమ్లెట్ వేసే జే ఫాయ్ కొట్టు ఉంది. 2017 డిసెంబరులో విడుదలైన బ్యాంకాక్ తొలి మిషెలిన్ గైడ్, అంటే మంచి హోటళ్లకు స్టార్లు ఇచ్చే పుస్తకం, ఆమెకు ఒక స్టార్ ఇచ్చింది. ఆ గైడ్‌ను దేశానికి తేవడానికి థాయ్ పర్యాటక సంస్థ ఐదేళ్లకు 14.4 కోట్ల బాట్లు కేటాయించింది. అదే 2017 ఏప్రిల్‌లో, ఫుట్‌పాత్‌లు జనం నడకకు వదలాలంటూ నగరమంతా బండ్లు తీసేయిస్తామని బ్యాంకాక్ నగరపాలక అధికారులు ప్రకటించారు. అంతర్జాతీయ పత్రికల్లో గోల అయ్యాక యావరాత్, ఖావ్ సాన్ రోడ్లలో మాత్రం పద్ధతిగా నడుపుకోనిస్తామన్నారు. ఒక చేయి స్టార్ల కోసం డబ్బు కడుతుంటే ఇంకో చేయి బండ్లు ఎత్తించింది. మినహాయింపు దొరికిన రెండూ పర్యాటకుల వీధులే కావడం గమనించాల్సిన సంగతి. ఆఫీసుల చుట్టుపక్కల గుమాస్తాలకు, గార్డులకు మధ్యాహ్నం తిండి పెట్టే బండ్లకు అలాంటి అండ దొరకలేదు.

స్టార్ వచ్చిన నాలుగైదు నెలలకే, 2018లో, అదే రోడ్డు ఉత్తరపు కొసన మహాకాన్ కోట పక్కనున్న బస్తీ చివరి ఇళ్లు కూల్చేశారు. కోట గోడకూ కాలువకూ మధ్య, చెక్క ఇళ్లలో సుమారు 300 మంది ఉండేవారు. పార్కు చేయడానికి ఖాళీ చేయమని నగరపాలక సంస్థ 1990ల మొదటి నుంచి ఒత్తిడి చేస్తే, పాతికేళ్లు పోరాడారు. తమ ఇళ్లను చూడ్డానికి వచ్చేవాళ్లకు పేట చరిత్ర తామే చెప్పారు. పాత ఇళ్లు, వీధి తిండి, ఇక్కడే పుట్టిందనే లికే నాటకం అన్నీ కలిపి బతికున్న మ్యూజియంగా ఉంచమని అడిగారు. పర్యాటకులు డబ్బిచ్చి వెతుక్కునేది సరిగ్గా ఇలాంటి చోటునే. అక్కడిప్పుడు పచ్చిక ఉంది. ప్యాడ్ థాయ్ క్యూలో నిలబెట్టి ఆ పచ్చిక వైపు చెయ్యి చూపించే గైడ్ దొరికితే, టిక్కెట్టు డబ్బు గిట్టుబాటైనట్టే.

చైనాటౌన్‌లోనూ ఇదే వరస. పాత సామాను, సంగీత వాద్యాల దుకాణాలకు పేరుపడిన వెంగ్ నకోన్ కసేమ్ స్థలం 2012లో ఒక బడా వ్యాపార సంస్థ చేతికి వెళ్లింది, దుకాణదారులు లేచిపోవాల్సి వచ్చింది. 2019లో వాట్ మంగ్‌కోన్ మెట్రో స్టేషన్ తెరిచాక ఫుడ్ వాక్‌లకు దారి సుఖమైంది, చుట్టూ భూమి ధర కూడా అలాగే ఎగబాకింది. ఆ స్టేషన్ పక్కనే చరోన్ చాయ్ అనే సందు ఉంది. పితృదేవతలకు కాల్చే కాగితపు సామగ్రి అక్కడ అమ్ముతారు. మెట్రో వస్తోందని తెలిశాక అద్దెకుండేవాళ్లు సంఘంగా ఏర్పడ్డారు, ఒక ఇంట్లో చిన్న మ్యూజియం పెట్టారు, బయటివాళ్లను పిలిచి తమ సందు కథ చెప్పడం మొదలుపెట్టారు. వాళ్లకు ఆ నడక వినోదం కాదు, లీజు పొడిగించుకోవడానికి చేసే వాదన.

ఫుడ్ వాక్‌ల వల్ల బండి వాళ్లకు మేలు లేదని దీని అర్థం కాదు. వారంలో నాలుగైదు గుంపులు ఖాయంగా వస్తే చిన్న బండికి అది భరోసా. అయితే గుంపులన్నీ ఒకే ఐదారు బండ్ల చుట్టూ తిరుగుతాయి, ఎందుకంటే గైడ్‌కు టైమింగ్ ముఖ్యం, పరిచయం ముఖ్యం, ఎవరికీ కడుపు చెడకపోవడం ఇంకా ముఖ్యం. స్టార్, స్టిక్కర్ పడిన బండి ముందు పాతికమంది, పక్క బండి ముందు ఇద్దరు. ధర పెరిగాక ఆ పేటవాళ్లు మెల్లగా వేరే చోటు చూసుకుంటారు. మహాచాయ్ రోడ్డు పీత ఆమ్లెట్ ధర వెయ్యి బాట్ల దరిదాపుల్లోకి వెళ్లాక అది వీధి తిండి అన్న మాట పేరుకే మిగిలింది. జే ఫాయ్ పొయ్యి దగ్గర పడే కష్టానికి ఆ ధర తగిందే అనేవాళ్లూ ఉన్నారు, అందులో తప్పులేదు.

నడకలు పోని చోట్లూ కొన్ని ఉన్నాయి. సాంఫెంగ్ సందు పట్టుకుని పడమరకు నడిస్తే పాహురత్ వస్తుంది. అక్కడ మొదట వియత్నాం వాళ్లుండేవారు. 1898లో అగ్నిప్రమాదం జరిగాక ఐదో రామ రాజు అక్కడ రోడ్డు వేయించి, చిన్న వయసులో చనిపోయిన కూతురి పేరు పెట్టాడు. తర్వాత పంజాబీ బట్టల వ్యాపారులు వచ్చారు, బంగారు గుమ్మటంతో గురుద్వారా కట్టుకున్నారు. సమోసాలు, పరాఠాలు, టీ కొట్లు అన్నీ ఉన్నాయి. ఒకే నేల మీద రెండు పొరల వలస ఇంత స్పష్టంగా కనిపించే చోటు బ్యాంకాక్‌లో అరుదు. అయినా ‘థాయ్ తిండి’ కోసం వచ్చిన పాశ్చాత్య పర్యాటకుడికి సమోసా ఎందుకని చాలా నడకలు చైనాటౌన్ చివర్లోనే ఆగిపోతాయి.

బ్యాంకాక్ బయట, ఫుకెట్ దీవిలోని పాత పట్టణం కొంత మేలు. తగరం గనుల కోసం వచ్చిన హొక్కియన్ చైనీయులు, మలేసియాలోని పెనాంగ్‌తో వాళ్ల రాకపోకలు, తలాంగ్ రోడ్డు మీది మేడలు, హొక్కియన్ నూడుల్స్, ఐసు తురుము మీద జెల్లీ వేసిచ్చే ఓ ఏవ్, ఇవన్నీ ఒకే చిన్న నడకలో సర్దుకుంటాయి. 2015లో యునెస్కో దాన్ని తిండికి పేరున్న సృజనాత్మక నగరంగా గుర్తించింది కాబట్టి, గని కూలీ కథ చెబితే ప్రభుత్వానికీ నచ్చుతుంది. కథ చెప్పడానికి అడ్డు ఎప్పుడూ అజ్ఞానమే కాదు, అది ఎవరికి నచ్చుతుందన్న లెక్క కూడా.

2023 నవంబరులో వీసా మినహాయింపు మొదలయ్యాక థాయ్‌లాండ్‌కు భారతీయుల రాక బాగా పెరిగింది. 2024లో 20 లక్షలు దాటింది. హైదరాబాద్ నుంచి నేరుగా వెళ్లే తెలుగు కుటుంబాలకు ఫుడ్ వాక్ అంటే ముందు వచ్చే టెన్షన్ చరిత్ర గురించి కాదు, శాకాహారం గురించి. కూరగాయల వేపుడులో కూడా చేపల సాస్, చాలా కారాల్లో రొయ్యల ముద్ద ఉంటాయి. మాంసం తీసేసి ఇవ్వమంటే ముక్కలు తీసిస్తారు, సాస్ అలాగే ఉంటుంది. అడగాల్సిన మాట ‘జే’. పసుపు జెండా మీద ఎర్ర అక్షరం కనిపిస్తే మాంసం, చేప, గుడ్డు, పాలతో పాటు ఉల్లి, వెల్లుల్లి కూడా ఉండవు. ‘మంగ్‌సవిరాత్’ అంటే గుడ్డు పడొచ్చు. చైనా పంచాంగం తొమ్మిదో నెలలో, సాధారణంగా అక్టోబరు ప్రాంతంలో, తొమ్మిది రోజుల జే పండగ వస్తుంది. అప్పుడు యావరాత్ అంతా పసుపు జెండాలే, శాకాహారి నిశ్చింతగా నడిచే రోజులు అవే. ఫుకెట్‌లో ఆ పండగ 1825లో వచ్చిన ఒక చైనా నాటక బృందంతో మొదలైందని చెబుతారు.

బుక్ చేసే ముందు అడగదగిన ప్రశ్నలు రెండు మూడే. గుంపులో ఎంతమంది, దారిలో బండ్లకు నేరుగా డబ్బు కడతారా, గైడ్ ఆ పేటకు చెందినవాడేనా. కుడీ చీన్ వైపు పేటవాళ్లే నడిపే నడక దొరికితే తిండి రకాలు తగ్గినా అదే మేలు. ఇంకో చిన్న విషయం: సోమవారాలు యావరాత్ ఫుట్‌పాత్ బండ్లు చాలావరకు ఉండవు, అది నగరపాలక సంస్థ వీధులు కడిగించే రోజు. ఆ రోజు చైనాటౌన్ నడక అమ్ముతున్నవాళ్లు ఎక్కువగా షాపుల్లోకే తీసుకెళ్తారు కాబట్టి, మంగళవారానికి మార్చుకోవడమే నయం.